బ్యాటరీలు తాగిన నీళ్లు

బద్వేలు దాటి ఏడెనిమిది మైళ్లు పోయాక లారీ మమ్మల్ని ఒక గుట్ట కింద దించింది. రెండో ప్రపంచయుద్ధం నడుస్తున్న రోజులు. ఎండాకాలం. ముందటేడు వాన లేదు. నేల నెర్రెలిచ్చి ఉంది. గుట్ట మీద వైర్‌లెస్ సెట్టు. కింద రేకుల షెడ్డులో దానికి కరెంటు అందించే సీసం బ్యాటరీలు, వాటిని చార్జి చేసే ఇంజను. బ్యాటరీలు చూసుకోవడం నా డ్యూటీ. యుద్ధానికి పోతున్నానని నంద్యాల దాపున మా ఊళ్లో అందరికీ చెప్పి వచ్చాను. తీరా వచ్చింది పక్క జిల్లాకే.

ఎండకు బ్యాటరీల్లో నీరు ఇగిరిపోయేది. సీసం పలకలు బయటపడితే బ్యాటరీ చచ్చినట్టే. బావినీళ్లు నేరుగా పోయకూడదు, వాటిలోని ఉప్పు పలకలను తినేస్తుంది. నీళ్లు కాచి, ఆ ఆవిరిని చల్లార్చి పట్టిన నీళ్లే పోయాలి. ఆవిరి గొట్టాన్ని చల్లబరచడానికి పీపా నిండా నీళ్లు కావాలి. అవి వేడెక్కగానే పారబోసి మళ్లీ నింపాలి. ఒక్క సీసా కోసం బిందెలు బిందెలు పోయేవి.

ఆ చుట్టుపక్కల ఉన్న ఒకే ఒక మంచినీళ్ల బావి మా షెడ్డు పక్కన ఉంది. దాని చుట్టూ ముళ్లకంచె వేశాం. పొద్దున ఒక గంట పక్క ఊరివాళ్లను తోడుకోనిచ్చేవాళ్లం. తర్వాత సెంట్రీ నిలబడేవాడు. మైలు దూరంలో ఉప్పునీళ్ల బావి ఉండేది. కాచడానికీ, గొట్టం చల్లబరచడానికీ ఆ నీళ్లయినా సరిపోతాయని మా పైన ఉండే హవల్దారుతో అన్నాను. నీళ్లు కాచే బాయిలరుకు సున్నం పడుతుందని, అంత దూరం నుంచి మోసేదెవరని కసిరాడు. రెండోసారి అనలేదు.

ఒక మధ్యాహ్నం, మగ్గం నేసేవాళ్ల ఇంటి ముసలామె కంచె దగ్గరికి వచ్చింది. చంకలో కుండ. నేను కంచె పక్కనే పీపా వంచబోతున్నాను.

"ఆ ఉడుకునీళ్లు పారబోస్తాండావే నాయనా, దీంట్లో పొయ్యి. ఆరినాక తాగుతాం. మా కోడలు పచ్చిబాలింత" అంది.

కంచె దాటి ఏదీ ఇవ్వకూడదని ఆర్డరు. ఒకరికిస్తే ఊరంతా వచ్చి మీద పడుతుందని హవల్దారు భయం. ఆయన షెడ్డు గుమ్మంలోనే ఉన్నాడు. ఇంజను చూసే సాయిబు, కర్నూలాయన, నా దగ్గరికి జరిగాడు.

"పొయ్యప్పా. నేను అడ్డం నిలబడతా."

"ఆర్డరు లేదన్నా" అన్నాను. పీపా అక్కడే నేల మీద ఒంపేశాను.

ఆమె తిట్టలేదు. "నీ తప్పేముండాదిలే. నీకూ పైనోళ్లుంటారు" అంది. తిట్టి ఉంటే ఇన్నేళ్లలో ఎప్పుడో మరిచిపోయేవాణ్ణి.

వానలు పడ్డాక కంచె పీకేశాం. సెట్టు వేరే చోటికి పోయింది.

యుద్ధం ముగిసి ఊరికి వచ్చిన ఆదివారం, చర్చిలో అయ్యగారు నన్ను లేపి, ఏం చేసివచ్చావో నాలుగు మాటలు చెప్పమన్నారు. బ్యాటరీలు ఎండిపోకుండా చూసుకున్నానని చెప్పి కూర్చున్నాను. అందరూ మెచ్చుకున్నారు. మా అమ్మ కళ్లు తుడుచుకుంది. నేను తల ఎత్తలేకపోయాను.

పీపా ఒంపేసిన ఆ మధ్యాహ్నం షెడ్డులోకి పోతూ ఒకసారి వెనక్కి చూశాను. ముసలామె మోకాళ్ల మీద కూర్చుని, కంచె కింద నుంచి చెయ్యి చాచి, తడిమట్టిలో కొంగు అద్ది కుండలోకి పిండుతోంది. మళ్లీ అద్దుతోంది.