పగలని పళ్ళెం

మా దేశంలో సినిమావాళ్ళు షూటింగ్ మొదటిరోజు కెమెరా స్టాండుకు కొట్టి పళ్ళెం పగలగొడతారు. ముక్కలు తలొకటి దాచుకుంటారు. సినిమా పూర్తవుతుందని అదొక భరోసా. చుసొవాయా నది గడ్డకట్టిన ఆ జనవరిలో దర్శకుడు గ్లెబ్ యూర్యెవిచ్ కొట్టిన పళ్ళెం మాత్రం స్టాండుకు తగిలి ఎగిరి మెత్తటి మంచులో పడింది. బీటైనా వారలేదు. రెండోసారి కొడితే అపశకునమన్నారు. ఎవరూ ముట్టుకోని ఆ నీలి అంచు పళ్ళేన్ని, ఆ ఒక్కరోజుకే షూటింగుకు వచ్చిన ఎడిటర్ రిమ్మా సవేల్యెవ్నా కోటులో దూర్చుకుని స్వెర్ద్‌లోవ్‌స్క్‌లోని తన ఎడిటింగ్ గదికి తెచ్చుకుంది.

రిమ్మా పదిహేడేళ్ళప్పుడు మా అమ్మ న్యూరాతో పాటే ఫిల్ము అతికించే పనిలో చేరింది. అమ్మ అక్కడే ఉండిపోయింది. రిమ్మా ఎడిటర్లకు సహాయకురాలై, ఆ పనిలోనే తల నెరిసింది. ఎడిటర్‌గా తెర మీద తన పేరు పడబోయే మొదటి సినిమా ఇదే. గడ్డకట్టిన నది మీదుగా జనాన్ని దాటించే ఒక ఒంటరి ఆడమనిషి కథ.

ఆ ఏడు నది తొందరపడి మార్చిలోనే కరిగింది. అందరినీ దాటించాక కథానాయిక మంచు మీద ఒంటరిగా నిలబడి ఊరివైపు తిరిగి చూసే ఆఖరి దృశ్యం ఇంకా తీయలేదు. మేడే పండుగలోపు అప్పగించకపోతే సినిమా మూసేస్తామన్నారు స్టూడియో పెద్దలు.

"పళ్ళెం పగలనప్పుడే అనుకున్నా. వదిలేద్దామండీ," అన్నాడు గ్లెబ్ యూర్యెవిచ్.

"మీరు వదిలేయండి. నేను వదలను. ముందు టీ తాగండి." రిమ్మా బంగాళాదుంప బూరెలు ఆ పళ్ళెంలోనే పెట్టి ముందుకు జరిపింది.

"దీంట్లోనా? మీకు భయం లేదూ?"

"కడిగాన్లెండి."

ఆయన ముట్టుకోలేదు.

దర్శకుడు 'ఆపండి' అని అరిచాక కూడా కెమెరా కాసేపు తిరుగుతుంది. ఆ తోకముక్కల్ని అందరూ కత్తిరించి పారేస్తారు. రిమ్మాకు మాత్రం వాటిని బుట్టలో దాచే అలవాటు. ఇప్పుడు వాటన్నిటినీ ఒక్కొక్కటిగా యంత్రానికి ఎక్కించింది.

"ఏమే, చెత్తబుట్టలో కాపురం పెట్టావా?" అంది అమ్మ.

"పెట్టాను. నువ్వూ రా, చోటుంది."

వారం తిరక్కుండానే ఒక ముక్క దొరికింది. షాట్ అయిపోయిందనుకుని, కథానాయిక వేషం వేసిన అగ్నియా చేతితొడుగు పళ్ళతో లాగి, వేళ్ళ మీద ఊదుకుని, ఒడ్డువైపు తిరిగి చూసింది. రిమ్మా దాని ముందు ఖాళీ మంచు మైదానం ముక్కను అతికించి, గాలిహోరు శబ్దం కలిపి, గ్లెబ్ యూర్యెవిచ్‌ను పిలిచింది.

"ఇది నటన కాదండీ! టీ బండి వచ్చిందేమోనని చూస్తోంది!"

"అది మనకు తెలుసు. హాల్లో కూర్చున్నవాళ్ళకు తెలుసా? ఇంకోసారి చూడండి."

ఆయన ఇంకోసారి చూశాడు. చూస్తూ చూస్తూనే పళ్ళెంలోంచి ఒక బూరె తీసుకున్నాడు.

ఏప్రిల్ చివర పెద్దలు సినిమా చూసి ఆమోదించారు. ఆఖరి దృశ్యం కాస్త దిగులుగా ఉందన్నారు, అంతే.

"ఇక పగలగొట్టవే," అంది అమ్మ. రిమ్మా పళ్ళేన్ని బల్ల ఇనుపకాలికేసి కొట్టింది. ఖంగుమంది, పగల్లేదు.

"రెండోసారి కొట్టకూడదు కదే!"

"శకునం సంగతి నేను చూసుకుంటాలే," అంటూ రిమ్మా మళ్ళీ కొట్టింది.

మామూలుగా షూటింగులకు వెళ్ళని ఎడిటింగ్ గది ఆడవాళ్ళకు అంతవరకూ ఏ సినిమా పళ్ళెం ముక్కా దక్కలేదు. అమ్మ వాటాకు వచ్చిన నీలి అంచు ముక్క ఇప్పటికీ మా వంటింటి కిటికీలో ఉంది.