దేవసహాయం మాస్టారికి మళ్ళీ అర్థం కాలేదు

దేవసహాయం మాస్టారికి ఏ సంగతైనా ఒకసారి చెబితే అర్థం కాదు. పదిసార్లు చెబితే అసలే అర్థం కాదు. అందులోనూ ఫోను సంగతైతే ఇక దేవుడే దిగిరావాలి. "ఇది యాడ ఒత్తాలప్పా?" అని ఆయన అడగని మనిషి ఆళ్లగడ్డలో లేడు. టీ అంగట్లో అడిగారు, ఆటో స్టాండులో అడిగారు, ఆదివారం ఆరాధనలో ఆమెన్ అన్న మరుక్షణం పాస్టరుగారిని అడిగారు. ఒక పెళ్ళిలో వేదికెక్కి పెళ్ళికొడుకునే అడిగారు. కానుకలు పట్టుకున్న బంధువులు వెనక నిలబడే ఉన్నారు, ఆ పిల్లవాడు పూలదండ సర్దుకుంటూ ఫోటో ఎలా పంపాలో ఆయనకు చూపిస్తూనే ఉన్నాడు.

పోనీ మెల్లగా అడుగుతారా అంటే అదీ లేదు. హైస్కూల్లో డ్రిల్లు మాస్టారుగా పనిచేసిన గొంతు అది. ఆయన ఎవరి చెవిలోనైనా రహస్యం చెబితే పక్క వీధిలో వాళ్ళు "అట్లనా?" అంటారు. రిటైరై ఇన్నేళ్ళయినా మెడలో ఈల అలాగే వేలాడుతుంటుంది. "తీసెయ్యొచ్చు గదప్పా" అని ఎవరైనా అంటే, "మెడ తేలికైతే తల నిలబడదు నాయనా" అంటారు.

ఇలాంటి మనిషికి స్నేహితుడిగా ఉండటం శాంసన్ మాస్టారికి పెద్ద పరీక్ష. శాంసన్ మాస్టారు అదే బడిలో లెక్కలు చెప్పారు. పుట్టి బుద్ధెరిగాక "నాకు తెలీదు" అన్న మాట ఆయన నోట వెలువడలేదు. ఒకసారి ఎవరో పిల్లవాడు తెచ్చిన లెక్క ఎంతకీ తెగకపోతే, "ఇది సిలబస్‌లో లేదు, పో" అని పంపించేశారు. నిజానికి ఫోను కూడా ఆయన సిలబస్‌లో లేదు. కాకపోతే ఆ సంగతి బయటివాళ్ళకు తెలియాల్సిన పని లేదు.

"ఆ దేవసహాయం బళ్ళో ఉన్నప్పుడు గూడా అంతేనప్పా" అని ఆయన అందరికీ చెప్పేవారు. ఏటా ఆటల పోటీలకు హైజంపు కర్ర కట్టగానే, పిల్లలు వరుసలో నిలబడగానే, దేవసహాయం మాస్టారు ముందు తానే పరుగెత్తుకొచ్చి ఎగిరేవారు. ఎగిరి, కర్రతో సహా ఇసుకలో బోర్లా పడేవారు. పిల్లలు కడుపులు పట్టుకుని నవ్వేవారు. ఏ ఏడూ తప్పలేదు. స్టాఫ్ రూం కిటికీలోంచి అది చూసినప్పుడల్లా, గెంతడం రాని మనిషికి డ్రిల్లు మాస్టారు ఉద్యోగం ఎవరిచ్చారా అని శాంసన్ మాస్టారు ఆశ్చర్యపోయేవారు.

రిటైరయ్యాక ఇద్దరూ పొద్దున్నే బస్టాండు దగ్గర షమీమ్ జెరాక్స్ అంగట్లో కలుస్తారు. అక్కడ ఊళ్ళో పెన్షనర్లందరికీ ఒక బల్ల, ఒక పేపరు ఉంటాయి. షమీమ్‌కు నలభై దాటాయి. ఓపిక ఎక్కువే గానీ, దేవసహాయం మాస్టారు వచ్చేసరికి సగం అయిపోతుంది.

శాంసన్ మాస్టారికి కొత్త ఫోను కొనిచ్చింది నంద్యాలలో ఉండే కూతురు సౌజన్య. మొదటిసారి వీడియో కాల్ చేస్తే ఆయన ఫోను చెవికి ఆనించుకుని "చెప్పమ్మా" అన్నారు.

"నాయనా, నీ చెవి కనపడతాంది. ముఖం సూపియ్యి."

"ముఖం నువ్వు చూడందేముంది గానీ, విషయం చెప్పు."

వారం రోజులు సౌజన్య తండ్రి చెవితోనే మాట్లాడింది. ఈ సంగతి శాంసన్ మాస్టారి భార్య దానమ్మకు తెలుసు. దానమ్మ నోట్లో నువ్వుగింజ నానదు. ఆ ఆదివారం చర్చి మెట్ల మీదే నలుగురికీ చెప్పేసింది. మరునాడు షమీమ్ అంగట్లో దేవసహాయం మాస్టారు గొంతెత్తారు. "అమ్మా షమీమ్, వీడియో కాల్ వస్తే ఈ ఫోను యాడ పెట్టుకోవాల? మా చెల్లెలు నా చెవి సూసి జడుసుకునింది!"

బల్ల మీద వాళ్ళందరూ నవ్వారు. షమీమ్ విసుక్కుంది. "మొన్ననే జెప్పినా గదా సార్. చెయ్యి సాపి, అద్దం సూసుకునేటట్ల పెట్టుకోవాల."

శాంసన్ మాస్టారు పేపరు వెనక నుంచి "ఛీ, ఏం మనిషివప్పా!" అన్నారు. ఆ సాయంత్రం సౌజన్యకు తండ్రి ముఖం మొత్తం కనబడింది.

ఇంకోసారి పెన్షనర్లంతా బస్సు మాట్లాడుకుని బెలుం గుహలకు వెళ్ళారు. గుహలో శాంసన్ మాస్టారి ఫోను టార్చి ఎలాగో వెలిగింది. ఎలా ఆర్పాలో తెలియక జేబులో వేసుకున్నారు. తిరుగు ప్రయాణంలో చీకటి పడ్డాక బస్సులో ఆయన చొక్కా జేబు ఒక్కటే వెలుగుతోంది. చెయ్యి అడ్డం పెట్టుకుని, గుండె నొప్పి వచ్చినవాడిలా కూర్చున్నారు. సరిగ్గా అప్పుడే ముందు సీట్లోంచి దేవసహాయం మాస్టారు, "ఈ టార్చి ఆపేదెట్లప్పా, ఎవురన్నా చెప్పండి! దుడ్లు పెట్టి కొన్నది దీపం మాదిరి కాలిపోతాంది!" అని కేకేశారు. ఎవరో లేచి బస్సంతటికీ వినబడేలా చెప్పారు. జేబు ఆరిపోయింది. ఈ మనిషి ఎప్పటికి బాగుపడతాడో అని శాంసన్ మాస్టారు నిజంగానే బాధపడ్డారు.

అసలు కష్టం ఆ ఏడు లైఫ్ సర్టిఫికెట్ దగ్గర వచ్చింది. పెన్షన్ తీసుకునేవాళ్ళు ఏటా ఒకసారి తాము బతికే ఉన్నామని సర్కారుకు రుజువు చూపించాలి. ట్రెజరీకి వెళ్ళి కనబడవచ్చు, లేదా ఇంట్లో కూర్చుని ఫోనుకు ముఖం చూపించవచ్చు. నెలాఖరు దాటితే పెన్షన్ ఆగిపోతుంది. ఈ మాట అంగట్లో రాగానే శాంసన్ మాస్టారు, "నేను మొదటి రోజే ఫోన్లో చేసేసినా. దాంట్లో ఏముంది?" అనేశారు. చెయ్యలేదు. ఇక ట్రెజరీకి పోవడానికి లేదు. ఆ వరండాలో ఊళ్ళో రిటైరైన వాళ్ళంతా ఉంటారు. ఎవరినీ అడగడానికీ లేదు. గడువు మాత్రం దగ్గరికొస్తోంది.

ఒక ఉదయం ఆయన గదిలో తలుపు వేసుకున్నారు. సర్కారుకు చూపించే ముఖం కదా అని, పెళ్ళిళ్ళకు తప్ప తియ్యని నల్లకోటు తొడుక్కుని కిటికీకి వీపు పెట్టి నిలబడ్డారు. కళ్ళద్దాలు తియ్యమని ఫోను రాసి చూపించింది. తీశారు. తీశాక అది తర్వాత ఏం రాసిందో కనబడలేదు. చదవడానికి పెట్టుకుంటే మళ్ళీ తియ్యమంది. చివరికి ఫోటో గురించి తనకు తెలిసిన ఒకే ఒక్క విద్య ప్రయోగించారు. చిన్నప్పుడు నంద్యాల స్టూడియోలో ఫోటోగ్రాఫరు, "రెప్ప కొట్టినావంటే ఫిల్ము దండగ, మీ నాయనతో చెప్తా" అని బెదిరించాడు. అప్పటి నుంచి కెమెరా ముందు శాంసన్ మాస్టారు రెప్ప వేసి ఎరుగరు. కళ్ళవెంట నీళ్ళు కారుతున్నా గుడ్లు మిటకరించి నిలబడ్డారు. ఫోను ఎర్ర గుర్తు చూపించింది. మళ్ళీ నిలబడ్డారు. మళ్ళీ ఎర్ర గుర్తు.

తలుపవతల నుంచి దానమ్మ కేకేసింది. "లోపల ఏం చేస్తాండావయ్యా?"

"బతికుండానని చెప్తాండా!"

"ఎవురికి?"

"సర్కారుకు!"

"ఆ సంగతి నన్నడిగితే చెప్తా గదా!"

ఇక లాభం లేదని, ఇదెందుకు ఒప్పుకోవడం లేదో కూతుర్ని రహస్యంగా అడుగుదామనుకున్నారు. అదే భంగిమలో ఒక ఫోటో తీసి పంపారు. అది సౌజన్యకు పోలేదు, పెన్షనర్ల గ్రూపుకు పోయింది. ఆ గ్రూపులో కోటు వేసుకున్న ఫోటో మాటా పలుకూ లేకుండా వచ్చిందంటే దానికి ఒకటే అర్థం.

ముందు గడివేముల నుంచి ఎవరో "అయ్యో" అన్నారు. తర్వాత దండం బొమ్మలు వరుస కట్టాయి. "ప్రభువునందు నిద్రించిన శాంసన్ గారి కుటుంబానికి ఆదరణ కలుగును గాక" అని ఒకరు రాశారు. "లెక్కల్లో సింహం" అని ఒకరు రాశారు. ఇది శాంసన్ మాస్టారు రెండుసార్లు చదువుకున్నారు. "కొట్టేవాడు గానీ మంచోడు" అన్నది ఎవరా అని కాసేపు ఆలోచించారు. తర్వాత గాభరా పుట్టింది. బతికే ఉన్నానని రాయబోతే తెలుగు అక్షరాలు దొరకలేదు, వేలు జారి బొటనవేలు బొమ్మ పడింది. తన చావు వార్తకు తానే బొటనవేలు ఎత్తి శభాష్ అన్న మొదటి మనిషిని నేనేనని ఇప్పుడు శాంసన్ మాస్టారే పదిమందిలో చెప్పుకుని నవ్వుతారు. ఆ రోజు మాత్రం నవ్వు రాలేదు.

మెడలో ఈల ఎగురుతుండగా దేవసహాయం మాస్టారు రొప్పుతూ పరుగెత్తుకొచ్చారు. గుమ్మంలో నిలబడి ఆ కోటునూ, చేతిలోని కళ్ళద్దాలనూ, ఎర్రబడిన కళ్ళనూ చూశారు.

"ఏందన్నా ఇది?"

"కోటు ఫోటో. ఎట్లుండాదో సూద్దామని పెట్టినా."

"బాగుండాది. సచ్చినోని కళ వచ్చింది" అని ఊపిరి తీసుకుని, ఇంకేమీ అడగకుండా వెళ్ళిపోయారు. దేవసహాయం మాస్టారు ఏమీ అడగకుండా వెళ్ళడం అదే మొదటిసారి.

మరునాడు అంగట్లో ఆయన మళ్ళీ గొంతెత్తారు. "అమ్మా షమీమ్, ఆ లైఫ్ సర్టిఫికెట్ నాకు అర్థం కాలేదు!"

షమీమ్ నుదురు కొట్టుకుంది. "మల్లానా సార్! నీది ఎప్పుడో..."

"మల్లానే. అందరికీ వినపడేటట్ల చెప్పు."

ఆమె ఆయన ముఖంలోకి ఒకసారి చూసి, చెప్పింది. "వెల్తురుకు ఎదురుగా కూసోవాల. అద్దాలు తియ్యాల. అప్పుడు రెప్ప కొట్టాల."

శాంసన్ మాస్టారి చేతిలో పేపరు జారింది. "రెప్ప కొట్టాలా?"

"కొట్టకుంటే ఉత్త ఫోటో ముందర పెట్టి మోసం చేస్తాండారనుకుంటాది సార్. బతికినోడే గదా రెప్ప కొట్టేది."

దేవసహాయం మాస్టారు తన ఫోను ముందుకు తోశారు. "నా ముఖం దీనికి పడదన్నా. నీ ముఖం ఒగసారి అప్పియ్యి. నీది ఎట్లాగూ అయిపోయింది గదా, ఉత్తగా పరీక్ష చేద్దాం."

ఎవరి అదృష్టం ఎవరి తలుపు తట్టిందో శాంసన్ మాస్టారికి వెంటనే తెలిసిపోయింది. "సరే, నీ కోసరం" అని దయ చూపించారు. పెన్షన్ నంబరు, ఆధార్ నంబరు ఎక్కం అప్పజెప్పినట్టు చెప్పారు. రోడ్డు వైపు తిరిగి కూర్చుని అద్దాలు తీశారు. కెమెరా కనబడగానే పాత స్టూడియో గుర్తుకొచ్చి రెప్పలు బిగుసుకుపోయాయి.

"రెప్ప కొట్టు సార్!" అంది షమీమ్.

"కొడతాండా!"

"కొట్టడం ల్యా సార్!"

దేవసహాయం మాస్టారు ఈల నోట్లో పెట్టుకుని ఆయన చెవి పక్కన గట్టిగా ఊదారు. బస్టాండులోంచి బయలుదేరిన నంద్యాల బస్సు, కండక్టరు ఈల అనుకుని గక్కున ఆగిపోయింది. శాంసన్ మాస్టారి రెండు రెప్పలూ టపటపా కొట్టుకున్నాయి. ఫోనులో పచ్చ గుర్తు పడింది.

గుండెల మీద నుంచి బండ దిగినట్టయింది. ఆ తేలికలో శాంసన్ మాస్టారికి స్నేహితుడి మీద పట్టరానంత జాలి పుట్టింది. "గడువు దగ్గర పడింది. కూసో, నీది నేను చేసిపెడతా. పెన్షన్ ఆగిపోతే ఏం తింటావప్పా, ఈలా?"

"నాది తర్వాత సూద్దాంలే అన్నా."

"తర్వాత లేదు, బేగా కూసో!"

షమీమ్ ఇక నవ్వు ఆపుకోలేకపోయింది. "ఆయనది మొదటి వారమే అయిపోయింది సార్. శిరివెళ్లకు పోయి, మంచంలో ఉండే చెన్నమ్మ టీచరుకు గూడా చేసొచ్చినాడు. ఈ యాప్ నాకు నేర్పిచ్చిందే ఆయన."

"మరి దినమూ నిన్నడుగుతాడు గదమ్మా?"

"అడిగేది ఆయన కోసరం కాదు గదా సార్" అని ఆమె జెరాక్స్ మిషను వైపు తిరిగిపోయింది.

శాంసన్ మాస్టారు బల్ల వైపు చూశారు. అందరూ పేపర్ల వెనక తలలు దాచుకున్నారు. అయితే ఇన్నాళ్ళూ ఇక్కడ వింటున్నది తానొక్కడే కాదన్నమాట. చెవి గుర్తుకొచ్చింది. జేబులో టార్చి గుర్తుకొచ్చింది. ఇసుకలో బోర్లా పడిన మనిషి గుర్తుకొచ్చాడు. మాస్టారే పడ్డాక, ఇక పడటానికి ఏ పిల్లవాడూ భయపడలేదు. ఎంత పిరికివాడైనా ఎగిరాడు. ఇన్నేళ్ళూ కిటికీలోంచి చూసి కూడా తనకు అర్థం కాలేదు. ఆయనకు సిగ్గేసింది, సిగ్గు కంటే ఎక్కువగా ఆ మనిషి మీద ప్రేమ కలిగింది.

"దేవసహాయం, నీకు హైజంపు నిజంగా వచ్చునా?"

"నంద్యాల పోటీల్లో ఫస్టు వచ్చినా. ఎవురికీ చెప్పగాకన్నా, పిల్లోళ్ళు జడుసుకుంటారు."

కొన్నాళ్ళకు ఆ బల్ల దగ్గరికి సైదా సాహెబ్ అని కొత్త పెన్షనరు వచ్చారు. తాలూకా ఆఫీసులో పెద్ద గుమాస్తాగా చేసి రిటైరైన మనిషి, ఇస్త్రీ నలగని చొక్కా. కూర్చున్నప్పటి నుంచీ ఆయన జేబులో ఫోను మోగుతూనే ఉంది. తీసి చూస్తారు, వేలితో పొడుస్తారు, అది మోగుతూనే ఉంటుంది. "ముఖ్యమైంది కాదులెండి" అని మళ్ళీ జేబులో వేసుకుంటారు. ఆ ముఖం శాంసన్ మాస్టారికి బాగా తెలుసు. రోజూ గడ్డం గీసుకునేటప్పుడు అద్దంలో చూసిందే. దేవసహాయం మాస్టారు అప్పుడే నోరు తెరవబోయారు. శాంసన్ మాస్టారు ఆయన మోకాలు మీద చెయ్యి వేసి ఆపి, గొంతు సవరించుకుని, జీవితంలో మొదటిసారి ఆ మాట అన్నారు.

"దేవసహాయం! ఫోను మోగితే ఎత్తేదెట్లప్పా? నాకు తెలీదు. ఎంత ఒత్తినా పలకదే!"

షమీమ్ చేతిలో కాగితాలు ఆగిపోయాయి. దేవసహాయం మాస్టారు ఒక్క క్షణం స్నేహితుడిని కళ్ళార్పకుండా చూసి, బస్టాండు అదిరేలా అరిచారు. "ఎన్నితూర్లు చెప్పాలన్నా నీకు? ఒత్తేది గాదు, పచ్చబొమ్మను పక్కకు జరపాల! ఇంగ పిల్లోళ్ళకు లెక్కలెట్ల జెప్పినావో ఏమో!"

బల్లంతా పగలబడి నవ్వింది. అందరికంటే గట్టిగా సైదా సాహెబ్ నవ్వారు. ఇంతలో ఆయన జేబు మళ్ళీ మోగింది. లేచి వాకిట్లోకి వెళ్ళి, ఇటు వీపు పెట్టి నిలబడ్డారు. కాసేపటికి మోత ఆగి, ఆయన గొంతు వినబడింది.

"ఆ, చెప్పు బేటీ... ఏం ల్యా, ఈడ ఒక లెక్కల సారుకు ఫోను ఎత్తేది నేర్పిస్తాండాము. పాపం, పెద్దాయన!"