మూత కింద పావంగుళం

నన్ను నరసరావుపేట వర్క్‌షాపుకి సూపర్‌వైజర్‌గా వేసింది 1983 చివర్లో. ఇప్పుడు చెప్పబోయేది ఆ తరవాతి ఎండాకాలం సంగతి. మా శాఖ పేరు ఇక్కడ అక్కర్లేదు. ఊళ్ళు తిరిగే ఆఫీసర్లూ, వాళ్ళని తిప్పే జీపులూ ఉన్న శాఖ అనుకుంటే చాలు. పలనాడు వైపు తిరిగే తొమ్మిది జీపుల మంచిచెడ్డలు మా షెడ్డువి. నా కింద ఇద్దరు మెకానిక్కులు, ఒక స్టోర్‌కీపరు. నా పైన గుంటూరులో ఎగ్జిక్యూటివ్ ఇంజనీరుగారు. ఆయన్ని అందరం ఈఈగారు అనేవాళ్ళం.

నాకప్పుడు ముప్ఫై మూడేళ్ళు. ఇంజను చప్పుడు విని జబ్బు చెప్పేస్తానని పేరు. అందులో సగం నాకు నేనే తెచ్చిపెట్టుకున్నది. బండి షెడ్డులోకి వస్తుండగానే కుర్చీలోంచి లేవకుండా వాల్వులు చూడండి అనడం, అది నిజం కావడం, మెకానిక్కులు ఒకరి మొహం ఒకరు చూసుకోవడం, ఇదంతా నాకు మహా ఇష్టంగా ఉండేది. తప్పిన సందర్భాలూ ఉండేవి. వాటిని ఎవరూ గుర్తు పెట్టుకునేవాళ్ళు కాదు, నేనైతే అసలే కాదు.

ఆరో నంబరు జీపు డ్రైవరు అంకమ్మరావు. పిడుగురాళ్ల మనిషి. తండ్రి సున్నం బట్టీలో పనిచేసేవాడట. ఇతను లారీ క్లీనరుగా మొదలై డ్రైవరై, తరవాత మా శాఖలో చేరాడు. నాకంటే పదిహేనేళ్ళు పెద్ద. మాట తక్కువ. జీపు తుడిచే గుడ్డని కూడా ఉతికి ఆరేసుకునే మనిషి.

ఆ ఏప్రిల్‌లో ఆరో నంబరు మాచర్ల దారిలో మరిగి ఆగిపోయింది. చల్లారాక నీళ్ళు పోసుకుని వచ్చేశాడు. మే మొదట్లో మళ్ళీ మరిగింది. ఈసారి హెడ్ గ్యాస్కెట్ పోయింది. ఇంజను దిమ్మకీ దాని పైన కూర్చునే హెడ్డుకీ మధ్య పరిచే పల్చటి రేకు అది. కాలిందంటే బండి ఇక కదలదు. మామూలు రోజైతే ఇంత గొడవ అయ్యేది కాదేమో. ఆ రోజు జీపులో ఉన్నది తనిఖీకి వెళుతున్న ఈఈగారు. నడి మధ్యాహ్నం గంటన్నర సేపు తుమ్మచెట్టు నీడలో నిలబడి, చివరికి కంకర లారీ ఎక్కి గురజాల చేరారాయన. తెల్లచొక్కా మీద పడిన దుమ్ము గురించి గుంటూరు ఆఫీసులో చాలా రోజులు చెప్పుకున్నారు.

మూడో రోజుకల్లా అంకమ్మరావుకి మెమో వచ్చింది. నీళ్ళు చూసుకోకుండా నడిపి ఇంజను పాడుచేసినందుకు, డ్రైవరు పని నుంచి తప్పించి వాచ్‌మన్‌గా ఎందుకు వేయకూడదో పది రోజుల్లో వివరణ ఇవ్వాలని దాని సారాంశం. అదే కవర్లో నాకూ ఒక కాగితం. జీపుని పరీక్షించి కారణం రాసి పంపమని. అంటే అతను స్టీరింగ్ ముందు కూర్చోవాలో, ఆఫీసు గేటు ముందు కూర్చోవాలో నా రిపోర్టు మీద ఆధారపడి ఉంది.

జీపుని లాక్కొచ్చిన పూట షెడ్డులో నలుగురైదుగురు డ్రైవర్లు ఉన్నారు. వాళ్ళని చూశాక నాకు నోరు ఆగలేదు. పలనాడులో బోరు నీళ్ళలో సున్నం ఎక్కువ. అవి రేడియేటర్లో పోస్తే లోపలి సన్నగొట్టాల్లో పెచ్చు కడుతుంది, నీళ్ళు ఆడవు, ఇంజను మరుగుతుంది. మా షెడ్డుకి వచ్చే మరుగుడు బండ్లన్నిటిదీ ఇంచుమించు ఇదే కథ. కాబట్టి విప్పకుండానే జబ్బు చెప్పేశాను. దారిలో ఏ క్వారీ గుంటలోవో ముంచి పోసి ఉంటావు, నీలాంటి బద్ధకస్తుడికి బండి ఇవ్వడమే మా తప్పు అన్నాను. డ్రైవర్లు నవ్వారు. అంకమ్మరావు గుడ్డతో చేతులు తుడుచుకున్నాడు.

"సున్నం బట్టీల కాడ పుట్టినోణ్ణి సార్. నీళ్ళల్లో సున్నం సంగతి నాకు చెప్తారేంది? నేను పోసేది సాగర్ కాలవ నీళ్ళు."

వారానికోసారి నకరికల్లు దగ్గర కాలవలో రెండు డబ్బాలు నింపుకుని జీపు వెనక పెట్టుకుంటాడట. విప్పితే తెలుస్తుందిలే అన్నాను.

విప్పితే తెలిసింది. రేడియేటర్ పై తొట్టికి ఉన్న టంకం కరిగించి తీయించి, ఒక్కో గొట్టంలోనూ సన్నటి రేకు ముక్క దింపి చూశాను. అన్నిట్లోనూ పై నుంచి కింద దాకా జారిపోయింది. పెచ్చు మాట దేవుడెరుగు, ఆ షెడ్డులో అంత శుభ్రమైన రేడియేటర్ని నేను అంతకుముందు చూడలేదు. ఆ నిమిషంలో అతనితో ఒక మాట అనాల్సింది. అనలేదు. ఇంకేదో ఉంది అని గొణిగి, బిగించమని చెప్పి నా గదిలోకి వెళ్ళిపోయాను.

తరవాత వరసగా అన్నీ చూశాం. హెడ్డుని గుంటూరు పంపి చదును చేయించి కొత్త గ్యాస్కెట్ వేశాం. నీళ్ళు వేడెక్కాక తెరుచుకునే థర్మోస్టాట్ అనే చిన్న తలుపు ఉంటుంది. దాన్ని టీ గిన్నెలో వేసి పొయ్యి మీద కాచి చూశాను, సరిగ్గానే తెరుచుకుంది. నీళ్ళ పంపు బాగుంది, ఫ్యాను బెల్టు బిగువుగా ఉంది. ఎక్కడా చుక్క కారడం లేదు. ఇంతలో ఆరు రోజులు అయిపోయాయి. జబ్బు కనపడలేదు, మెమో గడువు మాత్రం దగ్గరపడింది.

ఏడో రోజు పొద్దున్నే అంకమ్మరావుని నడపమని నేను పక్కన కూర్చున్నాను. పిడుగురాళ్ల దాటి గురజాల చేరేసరికి వేడి చూపించే ముల్లు చివరికి వచ్చింది. ఆగి, చల్లారనిచ్చి మూత తీస్తే నీళ్ళు రెండు లీటర్ల దాకా తగ్గాయి. కింద పడుకుని చూశాను, తడి లేదు. నీళ్ళు పోసుకుని మాచర్ల వెళ్ళాం. అక్కడ భోజనం చేస్తున్నప్పుడు తనంతట తానుగా ఒకే ఒక్క మాట అన్నాడు.

"ఇరవై ఏడేళ్ళ నించి స్టీరింగ్ పట్టుకున్న చేతులు సార్. గేటు కాడ కుర్చీ ఏస్తే ఈటిని ఏం చేసుకోవాల?"

అంతవరకూ నేను వెతుకుతున్నది జీపు జబ్బు. ఆ మాట తరవాత భయం పట్టుకుంది, దొరక్కపోతే ఏం రాయాలి అని.

తిరుగు ప్రయాణం దుర్గి మీదుగా పెట్టుకున్నాం. ఊళ్ళోకి రాగానే ముల్లు మళ్ళీ లేచింది. రాతి విగ్రహాలు చెక్కే ఒక పాక ముందు నీడ చూసి ఆపించాను. ఇంజను ఆపకుండా, చేతికి గుడ్డ చుట్టుకుని, ఇంజను నుంచి రేడియేటర్‌కి వెళ్ళే పై రబ్బరు గొట్టాన్ని పిసికాను. అంత వేడి మీద అది గాలి కొట్టిన సైకిలు టైరులా గట్టిగా ఉండాలి. మెత్తగా, వేళ్ళకింద నొక్కుకుపోయింది. అప్పుడు వెలిగింది నాకు.

రేడియేటర్ మూత అంటే చెంబు మీద మూతలాంటిది కాదు. నీళ్ళు మామూలుగా వంద డిగ్రీలకి మరుగుతాయి. లోపల ఒత్తిడి నిలబడితే ఇంకో పది డిగ్రీల దాకా మరగవు. ఆ ఒత్తిడిని నిలబెట్టేది మూతే. దాని అడుగున స్ప్రింగు, స్ప్రింగు చివర రబ్బరు బిళ్ళ ఉంటాయి. రేడియేటర్ మెడ లోపల ఒక గట్టు ఉంటుంది. బిళ్ళ ఆ గట్టు మీద నొక్కుకుని కూర్చోవాలి. ఒత్తిడి మరీ ఎక్కువైతేనే అది లేచి, గట్టుకి పైనున్న సన్నగొట్టంలోంచి నీళ్ళని జీపు కిందికి వదులుతుంది. ఈ కాలపు కార్లలో ఈ మూత పక్కనుండే ప్లాస్టిక్ ట్యాంకు మీద ఉంటోంది. అప్పట్లో రేడియేటర్ నెత్తినే ఉండేది. పని మాత్రం అదే.

ఎదురుగా ఉన్న కొట్లోంచి ఒక సీసాలో నీళ్ళు తెప్పించి, ఆ సన్నగొట్టం చివరని అందులో ముంచాను. మూత మంచిదైతే నీళ్ళు బాగా కాగేదాకా సీసాలో చలనం ఉండకూడదు. చల్లారిన ఇంజనుకి నీళ్ళు నింపి స్టార్టు చేయించాను. కాస్త గోరువెచ్చన అయ్యాయో లేదో బుడగలు మొదలయ్యాయి, వెంటనే నీళ్ళే రావడం మొదలెట్టాయి. అంటే దారి పొడుగునా ఇలాగే చుక్కలు చుక్కలుగా రోడ్డు మీద పోయాయి. బండి నడుస్తుంటే ఎవరికి కనపడతాయి? మూత పై అంచు గట్టిగానే పట్టుకుంది కాబట్టి పైన ఆవిరీ రాలేదు.

మూత తీసి చూస్తే స్ప్రింగూ బాగుంది, రబ్బరూ బాగుంది. కొత్త మూత. మరి ఎందుకు ఆగడం లేదు? మెడ లోతు కొలవాలి, నా దగ్గర కొలిచే సాధనం లేదు. చాలా సేపటి నుంచి ఉలి పక్కన పెట్టి మమ్మల్ని చూస్తున్న శిల్పి, బ్రహ్మయ్య అనే పెద్దాయన, లేచి వచ్చి ఏంది సంగతి అని అడిగాడు. చెప్పాను. ఆయన ఒక చదునైన బద్దని మెడ మీద అడ్డంగా పెట్టి, దాని పక్కనుంచి చీపురుపుల్ల గట్టు తగిలేదాకా దింపి, గోటితో గంటు పెట్టాడు. విగ్రహం కింద పీఠంలో గూడు లోతు ఇలాగే చూస్తారట. తరవాత మూతని తిరగేసి అదే పుల్లని బిళ్ళ పక్కన నిలబెట్టాడు. బిళ్ళ గంటు దాకా రాలేదు. పావంగుళం తక్కువ.

"మూత బానే ఉంది నాయనా. ఇది దీని మూత కాదు" అన్నాడు.

అంకమ్మరావు ఆ పుల్లని తీసుకుని తను కూడా ఒకసారి పెట్టి చూశాడు. తరవాత నా వైపు చూశాడు.

దారిలో నాలుగుచోట్ల నీళ్ళు పోసుకుంటూ షెడ్డు చేరాం. మర్నాడు అదే రకం ఇంకో జీపు మూత తీసి ఆరో నంబరుకి వేసి మాచర్ల పోయి వచ్చాం. ముల్లు మధ్యలోంచి కదల్లేదు. నీళ్ళు వేలెడు కూడా తగ్గలేదు. ఆ ఎండలో, ఆ గతుకుల్లో, అంత హాయిగా నేనెప్పుడూ ప్రయాణం చేయలేదు.

మిగిలిన ప్రశ్న, ఆ పొట్టి మూత ఎవరు వేశారన్నది. ప్రతి బండికీ హిస్టరీ షీటు అని ఒకటి ఉంటుంది. ఏ భాగం ఎప్పుడు మార్చారో అందులో రాస్తారు. తీసి చూశాను. జనవరి సర్వీసింగులో, రేడియేటర్ మూత, కొత్తది, ఒకటి. కింద సంతకం నాది. ఆ రోజు కూడా గుర్తొచ్చింది. స్టోర్‌కీపరు రెండు మూతలు పట్టుకొచ్చి ఏది వేయమంటారని అడిగాడు. పైకి రెండూ ఒకేలా ఉన్నాయి. కుర్చీలోంచి లేవకుండా, ఏదైనా ఒకటే అన్నాను.

డ్రైవరు రోజూ రాసే లాగ్‌బుక్కు కూడా తిరగేశాను. జనవరి ముందు నీళ్ళు పోసినట్టు పదిరోజులకో వారానికో ఒక ముక్క ఉంది. సర్వీసింగు అయిన మర్నాటి నుంచి ప్రతి పేజీలోనూ ఉంది, లీటరు, లీటరున్నర, రెండు లీటర్లు. నెలనెలా ఆ పుస్తకం కింద సంతకం పెట్టిందీ నేనే. అతను నాలుగు నెలలుగా రాస్తూనే ఉన్నాడు, నేను చదవలేదు.

రిపోర్టు రాసే ముందు ఈఈగారికి ఫోన్లో చెప్పాను. ఆయన చెడ్డమనిషి కాదు. మూత పాతబడి పట్టు తప్పింది అని రాయండి, ఎవరికీ ఇబ్బంది ఉండదు అన్నారు. కానీ మూత రోజూ చూసుకోవాల్సింది డ్రైవరే. పాతబడిందని రాస్తే వాచ్‌మన్ గండం తప్పినా, హెచ్చరిక ఒకటి అతని ఫైల్లో ఉండిపోతుంది. సరైన మూత కాదు, వేయించింది నేను, డ్రైవరు తప్పు లేదు అని రాస్తానన్నాను. మీ సర్వీసు రికార్డులోకి ఎక్కుతుంది, ఆలోచించుకోండి అన్నారు. ఆలోచించే చెబుతున్నానన్నాను. ధైర్యంగా అన్నానని రాసుకుంటే బాగుంటుంది గానీ, రిపోర్టు మూడుసార్లు చింపి రాశాను. అంకమ్మరావు మెమో రద్దయింది. నాకు రాతపూర్వకంగా హెచ్చరిక వచ్చింది.

రద్దు కాగితం నా చేత్తోనే ఇచ్చాను. నిదానంగా, పెదాలు కదుపుతూ చదివాడు. మడిచి జేబులో పెట్టుకున్నాడు. వెళ్ళలేదు.

"కాగితంలో బానే రాశారు సార్, చానా సంతోషం. బద్ధకస్తుణ్ణని అంది మాత్రం షెడ్డులో, అందరి ముందర."

నాకు ముందు కోపం వచ్చింది. నా సర్వీసు మీద మచ్చ వేసుకుని ఇతన్ని కాపాడితే ఇంకా ఏం కావాలట అనుకున్నాను. ఆ కోపం రాత్రికి సిగ్గయింది. కాపాడడం ఏమిటి, అతను చేయని తప్పు నుంచి?

మర్నాడు ఎనిమిదింటికి డ్రైవర్లు సంతకాలు పెట్టడానికి వచ్చినప్పుడు కుర్చీలోంచి లేచి షెడ్డు మధ్యకి వెళ్ళాను. ఆరో నంబరు మరిగింది నేను వేయించిన మూత వల్ల అని, అంకమ్మరావు పోసిన నీళ్ళలో గానీ చూసుకోవడంలో గానీ లోపం లేదని, ఆ రోజు నేనన్న మాట తప్పని చెప్పాను. ఎవరూ నవ్వలేదు. అంకమ్మరావు మేకుకున్న తాళంచెవి తీసుకుని, వస్తా సార్ అని బెల్లంకొండ డ్యూటీకి వెళ్ళిపోయాడు.

ఆ తరవాత ఇరవై అయిదేళ్ళు సర్వీసు చేశాను. బండి విప్పకుండా కారణం చెప్పడం మానేశాను. ఒకవేళ ఎవరినైనా మాట అని అది తప్పని తేలితే, ఎక్కడ అన్నానో అక్కడే, ఎవరు విన్నారో వాళ్ళ ముందే వెనక్కి తీసుకున్నాను. రిపోర్టు ఫైల్లోకి వెళుతుంది. షెడ్డులో విన్నవాళ్ళు ఫైళ్ళు చదవరు.