కాపలాదారును ఎవరు చంపారు

గురువారం. పొద్దున్నుంచి ముసురు. బన్సీలాల్‌పేటలోని నా మోటార్ల రిపేరు దుకాణంలో కప్పు కారే చోట బకెట్టు పెట్టి, కింది అరలోని రాగితీగ చుట్టలు పైకి సర్దుతుండగా సైనిక్‌పురి నుంచి ఫోను వచ్చింది. టీచరు గారు రాత్రి నిద్రలోనే పోయారని వాళ్ళ చెల్లెలు చెప్పారు. సాయంత్రం సమాధి చేస్తామన్నారు.

ఇది చదివే మీలో చాలామందికి ఆవిడ తెలియదు. ఇంటర్నెట్‌లో ఎవరైనా రాయగలిగే, ఎవరైనా దిద్దగలిగే తెలుగు విజ్ఞాన సర్వస్వం ఒకటుంది. దానికి తీరిక వేళల్లో వ్యాసాలు రాసే మా కొద్దిమందికే తెలుసు. నేను చదువు పదో తరగతితో ఆపేశాను. ఆవిడ మిషన్ స్కూల్లో చరిత్ర చెప్పి రిటైరయ్యారు. నేనేం చదివానో ఒక్కసారీ అడగలేదు. ఏది రాసినా, ఎలా తెలుసు అని మాత్రం అడిగేవారు.

అది ఆవిడ స్వభావం. ఒకసారి ఇద్దరం ఆటోలో వెళుతుంటే డ్రైవరు, "గా తొవ్వ బంద్ ఉందమ్మా" అన్నాడు.

"నువ్వు చూశావా, ఎవరన్నా చెప్పారా?"

"నేనే చూసిన. పొద్దుగాల గుంతల పడ్డ."

"అయితే నమ్ముతాను, పద."

కంటోన్మెంటులో దొరల కాలం నాటి దొంగ ఒకడి మీద నేనొక వ్యాసం మొదలుపెట్టాను. పోలీసు కాగితాల్లో అతని పేరు గోడల మల్లిగాడు. శీర్షిక కూడా అదే పెట్టాను. టీచరు గారు కోర్టు తీర్పు నకలు కోసం చాలాసార్లు తిరిగి సంపాదించారు. అందులో మల్లయ్య అని ఉంది. శీర్షిక మార్చాలని, వ్యాసం వెనకే మా వాదనలకుండే చర్చా పేజీలో రాశారు. మాలో ఒకాయన ఒప్పుకోలేదు.

"దొంగకి మర్యాదెందుకు టీచరు గారూ? శాలువా కూడా కప్పుదామా?"

"శాలువా వద్దు. హాజరుపట్టీలో ఉన్న పేరుతో పిలుద్దాం."

"జనం వెతికేది మల్లిగాడనే కదా!"

"అలా వెతికినా ఇక్కడికే వచ్చేలా దారి పెడదాం. గుమ్మం మీద మాత్రం ఆయన పేరు రాద్దాం."

ఈ వాదన నడుస్తుండగా చర్చా పేజీలో ఎవరో ఫోను నంబరు రాసి, 'నేను మల్లయ్య మనవడిని, మాట్లాడాలె' అని పెట్టారు. టీచరు గారు ముందు ఆ నంబరు కాగితం మీద రాసుకున్నారు. బహిరంగంగా ఉండకూడదని పేజీ నుంచి తీసేశారు. ఆ తర్వాత ఫోను చేసి ఇంటికి పిలిచారు. నన్నూ రమ్మన్నారు.

ఆయన కాప్రా నుంచి వచ్చాడు. డెబ్బై దాటిన మనిషి. కుర్చీ అంచున కూర్చున్నాడు.

"మా తాత దొంగతనాలు చేసిండు, కాదంటలేను. గానీ కాపలాదారును చంపిండని రాసిన్రు. మా కోడలు ఫోన్ల చదివి, ఏంది మామా, మీ తాత ఖూనీకోరా అన్నది. ఏం జెప్పాలె నేను?"

"దానికి పేపరు ఆధారం ఉంది" అన్నాను. నేనే ఇచ్చిన ఆధారం.

ఆయన వెళ్ళాక టీచరు గారు పేజీ చరిత్ర తెరిచి, ఏ వాక్యం ఎప్పుడు చేరిందో ఒక్కొక్కటే చూస్తూ పోయారు. అరగంట తర్వాత కళ్ళద్దాలు నుదుటి మీదికి తోశారు. గొంతులో కోపం లేదు, సంబరం ఉంది.

"ఏవయ్యా, ఇలా రా. నీ వాక్యం ఎండాకాలంలో చేరింది. పేపర్లో వచ్చింది దీపావళికి. వాళ్ళు నీ దగ్గర ఎత్తి రాశారు. ఎవరో ఆధారం అడిగితే నువ్వు మళ్ళీ వాళ్ళనే సాక్షిగా తెచ్చావు. కాపలాదారును చంపింది మల్లయ్య కాదు, నువ్వు."

నాకు రోజూ చేసిన పనులు రాసుకునే అలవాటుంది. ఇంటికొచ్చి ఆ ఎండాకాలం పేజీలు తీశాను. 'చాయ్ దగ్గర మేస్త్రీ చెప్పిండు, మల్లిగాడు కాపలాదారును చంపిండట. వ్యాసంల ఎక్కించిన.' నా చేతిరాతే. ఆ సంగతే మరిచిపోయాను. మర్నాడు ఆ పుస్తకం తీసుకెళ్ళి ఆవిడ ముందు పెట్టాను, తలెత్తలేక.

"సిగ్గుపడటం తర్వాత. తప్పు నాదని చర్చా పేజీలో రాయి. ఇంకా ఎక్కడెక్కడికి పాకిందో వెతుకుదాం" అన్నారు. పుస్తకం మూసి నా చేతికిస్తూ, "చంపలేదని కూడా రాయకు. మనకు తెలీదు. చంపాడనే కాగితం లేదు, అంతే" అన్నారు.

పోయిన వారమే ఆ వాక్యం తీసేశాను. పేరూ మారింది. పత్రికకు కూడా ఉత్తరం రాశాం. జవాబు రాలేదు.

సాయంత్రం సమాధుల తోటలో పాట అయిపోయి జనం కదులుతుంటే, వెనక గోడ దగ్గర ఆ మనవడు తడుస్తూ నిలబడి ఉన్నాడు. నా గొడుగు కిందికి పిలిచాను.

"ఇప్పుడు ఏమున్నది సారూ అండ్ల?"

ఫోను తెరిచి ఇచ్చాను. పెదవులు కదుపుతూ చదివాడు. "మల్లయ్య, సికింద్రాబాదు కంటోన్మెంటులో దొంగతనాలు చేసిన వ్యక్తి." అక్కడ ఆగాడు.

"దొంగ అని ఉన్నది."

"ఉంది."

"ఉండనీ. ఉన్నదే ఉన్నది." ఇంకా కిందికి చదివి అడిగాడు, "టీచరమ్మ పేరు ఏడున్నది?"

"వ్యాసంలో రాసినవాళ్ళ పేర్లు వెయ్యం."

ఆయన నా మాట విననట్టే తడి బొటనవేలితో పేజీని పైకి తోస్తున్నాడు. ఆధారాల జాబితా అయిపోయింది. పేజీ అయిపోయింది. అద్దం మీద చినుకులు పడుతున్నాయి. వేలు ఇంకా తోస్తూనే ఉంది.