మూడో వక్కపలుకు

సార్ పోయారని పక్కింటివాళ్ల ఫోన్‌కు కబురు వచ్చింది. ఆ ఆదివారం ఆయనకు చెప్పాల్సిన సాకును నేను అప్పుడే సిద్ధం చేసుకుంటున్నాను: "ఈ వారం కుదరలేదు సార్, వచ్చేవారం తప్పకుండా వెళతాను."

ఆఫ్రికాలో రాజ్యాలు ఎలా పుట్టాయో, జనం ఏం పండించి, ఏం అమ్ముకుని బతికారో చదవడానికే ఆయన జీవితమంతా పెట్టారు. ఇక్కడి పాత సంతల మీద నేను చేస్తున్న పరిశోధనకు ఆయనే గైడు. కొండాపూర్‌లో ఆయన వరండాలో కూర్చుంటే, కొత్త భవనాల కోసం బండలు పగలగొట్టే చప్పుడు వినిపించేది. పాఠం ఆపి, "అదిగో, మన కళ్లముందే ఒక రాజ్యం లేస్తోంది. రాసుకుంటున్నావా?" అనేవారు. ఆయన ఆఫ్రికా పటం గీస్తే ముందు నదులు, సంతలు వచ్చేవి. సరిహద్దులు చివరన, అయిష్టంగా, చుక్కలతో.

చొక్కా జేబులో ఎప్పుడూ వక్కల డబ్బా ఉండేది. పడమటి ఆఫ్రికా పల్లెల్లో పెద్దల దగ్గరికి కోలా గింజలు తీసుకెళ్లి, పంచుకున్నాకే మాట మొదలుపెడతారట. ఇక్కడ ఆయన వక్కలతో ఆ పని కానిచ్చేవారు.

నానక్‌రామ్‌గూడలో తనకు తెలిసిన ఒక అవ్వ దగ్గరికి నన్ను పంపారు. ఆ ఊరి పాత అంగడిలో, అంటే వారపు సంతలో, తగవులు ఎవరు తీర్చేవారో తెలుసుకుని రమ్మన్నారు. నేను ముప్పై ప్రశ్నలు టైపు చేయించి, అట్టకు క్లిప్పు పెట్టి, పెన్ను మూత తీసి ఆమె ముందు నిలబడ్డాను.

"ఏందమ్మా గీ కాగితాలు? భూములు రాసుకోనీకి వచ్చినవా? జాగ ఇచ్చేది లేదు, పో!"

ఏడుపు ముఖంతో తిరిగొస్తే, సార్ కళ్లజోడు తీసి తుడుచుకునేంతగా నవ్వారు. "ఆవిడ తప్పేం లేదమ్మాయ్. ఈమధ్య ఆ ఊరికి అట్ట పట్టుకొచ్చినవాళ్లంతా భూమి కోసమే వచ్చారు. కాగితాలు ఇంట్లో పెట్టు. వక్కలు తీసుకెళ్లి, ఆవిడే మాటెత్తేదాకా నోరు మూసుకు కూర్చో. నా క్లాసులో నోరు విప్పకుండా అందులోనే డిగ్రీ తెచ్చుకున్నావు కదా!"

నాలుగు వారాలు వాయిదా వేశాను. "పెద్దావిడమ్మా, ఆవిడకు వచ్చేవారాలు ఎన్నుంటాయి?" అన్నారొకసారి. ఆయనకే లేకపోయాయి.

పదో రోజున సార్ భార్య ఆ డబ్బా నా చేతిలో పెట్టారు. మర్నాడే షేర్ ఆటో ఎక్కాను.

"కాగితాల పిల్లవు గదా!" అంది అవ్వ. డబ్బా చూసి, "గిది సారుది. ఆయనేడి?"

"పోయారవ్వా."

అవ్వ లేచి లోపలికి వెళ్లింది. నేను ఆయన చెప్పినట్టే నోరు మూసుకు కూర్చున్నాను. అవ్వ అడకత్తెర తెచ్చి, ఒక వక్కను మూడు పలుకులు చేసింది. ఒకటి తన నోట్లో వేసుకుంది, ఒకటి నాకిచ్చింది. మూడోది గడప పక్కన, ఆయన వచ్చినప్పుడు కూర్చునే రాయి మీద పెట్టింది.

"మా అంగడి చింతచెట్ల కాడ కూడేది బిడ్డా..." అని మొదలుపెట్టింది.

మధ్యాహ్నం దాకా చెప్పింది. ఎండ మెల్లగా రాయి మీదికి జరిగింది. పలుకు పక్కన దానంతే నీడ.