ఫారం పదహారు వెనక పదిహేడు రోజులు

చిలకలూరిపేట బస్టాండుకి ఎదురుగా యూసుఫ్ జిరాక్సు కొట్టు ఉంది. అందులో గోడ వారగా వేసిన చిన్న బల్లా, దాని మీది పాత కంప్యూటరూ యలమందయ్యవి. సైన్యంలో ఇరవై రెండేళ్ళు జీతాల గుమస్తాగా చేసి, నాయబ్ సుబేదారుగా రిటైరై వచ్చి అక్కడ కూర్చున్నాడు. చుట్టుపక్కల ఊళ్ళ మిలటరీ కుర్రాళ్ళందరూ ఏటా జూన్, జులై నెలల్లో ఆ బల్ల ముందుకి రావలసిందే. ఏడాదికి ఎంత జీతం వచ్చిందో, అందులో పన్ను ఎంత కోశారో చెప్పే ఫారం పదహారు తెచ్చుకోవడం ఒక ఎత్తు, అది అర్థం చేసుకోవడం ఇంకో ఎత్తు. రెండూ యలమందయ్యే చేసిపెడతాడు. మనిషి బంగారమే గానీ చాదస్తం జాస్తి.

ఎవరి కాగితమైనా సరే, మొదటి వరస నుంచి చివరి వరస దాకా తెలుగులో చదివి వినిపించందే కంప్యూటరు మీద చెయ్యి వెయ్యడు. "నీ సంపాదన సంగతి నీకు తెలియకుండా నేను బటన్ నొక్కనయ్యా" అంటాడు. వెనక నిలబడ్డవాళ్ళు చెమటలు తుడుచుకుంటూ తిట్టుకుంటారు. యూసుఫ్ కూడా విసుక్కుంటాడు. పదకొండేళ్ళుగా ఎవరు ఎంత విసుక్కున్నా ఆయన ఒక్క వరస వదిలిపెట్టలేదు.

ఊళ్ళో ఆయన్ని 'పెన్ను మిలటరీ' అంటారు. పెళ్ళిళ్ళలో బావమరుదులు చుట్టూ చేరి, "ఎంతమందిని పేల్చావు బావా? అన్నీ కార్బన్ పేపర్లేనా?" అని ఆట పట్టిస్తారు. ఆయనా నవ్వేస్తాడు. నవ్వుతాడే గానీ లోపల ఎక్కడో కలుక్కుమంటుంది. యుద్ధం సంగతి అలా ఉంచితే, ఆయన సర్వీసు మొత్తంలో గుప్పెడు మంచు కూడా ముట్టుకోలేదు. ముట్టుకున్నవాళ్ళ పేర్లు రాశాడు. మంచు కొండల మీది పోస్టులకి వెళ్ళినవాళ్ళకి ప్రత్యేక భత్యం ఇస్తారు. నంబరు, పేరు, పైకి వెళ్ళిన తేదీ, కిందికి దిగిన తేదీ. అలాంటి పట్టీలు వందలు రాశాడు. కొన్ని పేర్ల ఎదుట తేదీ నెల మధ్యలో ఆగిపోయేది, వచ్చే నెల పట్టీలో ఆ పేరే ఉండేది కాదు. అలాంటప్పుడు పెన్ను పక్కన పెట్టి, కాసేపు కిటికీలోంచి బయటికి చూసి, మళ్ళీ మొదలుపెట్టేవాడు. అంతకంటే ఏం చెయ్యాలో ఆయనకి తెలిసేది కాదు. వాళ్ళలో ఒక్కరి మొహమైనా ఆయన చూసి ఎరగడు. ఆ పేర్లంటే మాత్రం ఈ రోజుకీ ఆయనకి భయమూ భక్తీ.

జులై రెండో వారంలో ఒకరోజు మధ్యాహ్నం, సెలవు మీద వచ్చిన బాలు తల్లిని వెంటబెట్టుకుని కొట్లోకి వచ్చాడు. ఆరేళ్ళ సర్వీసున్న సిపాయి. తల్లి కోటిరత్నం హైవే పక్కన కోల్డ్ స్టోరేజీలో మిరపకాయల తొడిమలు తీసే పనికి వెళ్తుంది. ఆ పనిలోంచే సగం రోజు సెలవడిగి నేరుగా వచ్చినట్టుంది, ఆమె లోపల అడుగు పెట్టగానే యూసుఫ్ రెండుసార్లు గట్టిగా తుమ్మాడు.

"క్షమించండి బాబూ, ఎంత కడిగినా ఈ ఘాటు పోదు" అంటూ కోటిరత్నం చేతులు కొంగులో దాచుకుని కుర్చీ అంచున కూర్చుంది.

కట్టుకుంటున్న ఇల్లు శ్లాబు దగ్గర ఆగిపోయింది. లోను కావాలంటే రెండేళ్ళ ఫారం పదహారు తెమ్మన్నారు బ్యాంకువాళ్ళు. స్థలం ఆమె పేరున ఉంది కాబట్టి ఆమె సంతకమూ కావాలి. అందుకని తల్లీకొడుకులు కలిసి వచ్చారు. పన్ను రిటర్ను వేసే గడువు కూడా దగ్గరపడుతోంది.

"మావాడు జబల్‌పూర్‌లో స్టోర్సులో చేస్తాడండీ అన్నయ్యగారూ. సామాను లెక్క చూసుకునే పని, నీడపట్టు ఉద్యోగం" అంది కోటిరత్నం. "వాళ్ళ నాన్న పోయాక మిలటరీకి పంపనని మొండికేశాను. ప్రమాదం ఉన్న చోటికి వెళ్ళనని నా చేతిలో చెయ్యేసి చెప్పాకే రైలెక్కనిచ్చాను."

బాలు తల దించుకుని ఫోను చూసుకుంటున్నాడు. యాప్‌లోంచి దించుకున్న ఫైలుకి తాళం ఉంది. మూడుసార్లు పాస్‌వర్డ్ కొట్టాడు, మూడుసార్లూ తెరుచుకోలేదు.

"అక్షరాలు పెద్దవి కొట్టు బాబూ, చిన్నవి కాదు" అన్నాడు యలమందయ్య. ఈసారి తెరుచుకుంది. యూసుఫ్ ఫారాలూ, ఏడాది జీతాల పట్టీ ప్రింటు తీసి ఇచ్చాడు. వేడి వేడి కాగితాల్ని బల్ల మీద సర్ది, యలమందయ్య కళ్ళజోడు తుడుచుకుని మొదలుపెట్టాడు.

"ఇది మొదటి భాగం. నీ జీతంలో కోసిన పన్నుని మూడేసి నెలలకోసారి సర్కారు ఖాతాలో కట్టారా లేదా అన్నది ఇందులో ఉంటుంది. పేరు, పాన్ నంబరు సరిగ్గా ఉన్నాయో లేదో ముందు అది చూసుకోవాలి. ఒక్క అక్షరం తేడా వచ్చినా నువ్వు కట్టిన పన్ను నీ ఖాతాలో కనపడదు."

కోటిరత్నం ముందుకి వంగింది. "ఆగండాగండి. పన్ను మావాడు కడుతున్నాడా? గవర్నమెంటుకి?"

"అవునమ్మా."

"మా ఇంట్లోంచి గవర్నమెంటుకి డబ్బు వెళ్తోందా!" ఆమె నోరు తెరిచి కొడుకు వంక చూసింది. రేషను బియ్యం కోసం, పింఛను కోసం తను నిలబడిన వరసలన్నీ గుర్తొచ్చాయో ఏమో, "మీ నాన్న వినుంటే బాగుండేది రా" అంది.

యలమందయ్య రెండో భాగం తీశాడు. జీతం దేనితో దేనితో తయారైంది, ఏది పన్ను లెక్కలోకి వచ్చింది, ఏది మినహాయించారు అన్నదంతా ఓపిగ్గా చెప్పాడు. "ఈ మొత్తాలు నిజమో కాదో తెలియాలంటే ఏడాది జీతాల పట్టీ పక్కన పెట్టుకుని పోల్చాలి. ఫారంలో మొత్తాలే ఉంటాయి, పట్టీలో నెలలూ తేదీలూ ఉంటాయి" అంటూ ఆ కాగితం ముందుకి లాక్కున్నాడు. మూల వేతనం చదివాడు, కరువు భత్యం చదివాడు, బట్టల భత్యం చదివాడు. తొమ్మిదో వరస దగ్గర ఆయన వేలు ఆగిపోయింది.

ఆ వరస ఆయనకి కొత్తది కాదు. ఇరవై రెండేళ్ళు తన చేత్తో రాసిందే. సియాచిన్ భత్యం. సెప్టెంబరు తొమ్మిది నుంచి.

ఆయన తలెత్తి బాలు వంక చూశాడు. కుర్రాడు తల్లి వెనక నిలబడి ఉన్నాడు. కళ్ళతోనే వేడుకుంటున్నాడు. పట్టీల్లో ఉండే పేరు ఒకటి, రెండు కాళ్ళ మీద నడిచొచ్చి, నీలం గళ్ళ చొక్కా వేసుకుని తన బల్ల ముందు నిలబడింది. తమ్ముడి వయసైనా లేదు, కొడుకు వయసు. లేచి దండం పెడదామా అనిపించింది ఆయనకి. కానీ అసలు సంగతి ఏమిటంటే, ఆ వరస పైకి చదివితే ఈ తల్లి చేతిలో చెయ్యేసి ఇచ్చిన మాట ఇక్కడే ఈ కొట్లోనే ముక్కలైపోతుంది. చదవకపోతే తన పదకొండేళ్ళ మాట పోతుంది. పోతే పోయింది. యలమందయ్య వేలిని పదో వరస మీదికి జరిపి, రవాణా భత్యం చదివాడు. మిగతావన్నీ గబగబా చదివేసి, "అయిపోయిందమ్మా" అన్నాడు.

"అవలేదండీ" అంది కోటిరత్నం. కణుపుల మీద వరసలు లెక్కపెడుతున్న ఆమె బొటనవేలు చూపుడువేలి దగ్గర ఆగింది. "ఒకటి వదిలేశారు. పద్నాలుగు వరసలుంటే పదమూడే చదివారు."

ఆమెకి చదువు రాదు. కానీ బుట్టలు లెక్కపెట్టి కూలి తీసుకునే మనిషి, లెక్క తప్పితే మేస్త్రీతో అక్కడికక్కడే తగువేసుకునే మనిషి.

"అదేదో చిన్న భత్యంలేమ్మా" అన్నాడు యలమందయ్య.

"అంకెలు నాకూ తెలుసండీ. మూల వేతనం తర్వాత అన్నిటికంటే పెద్ద అంకె అదే. చిన్నదెలా అవుతుంది?" ఆమె వెనక్కి తిరిగింది. "ఏంట్రా అది?"

యూసుఫ్ మిషను ఆపేశాడు. "సియాచిన్ అమ్మా" అన్నాడు బాలు. "టీవీలో చూపిస్తారే, మంచు కొండలు. అక్కడున్నాను. సెప్టెంబరు నుంచి ఫిబ్రవరి దాకా."

కోటిరత్నం ఏడవలేదు, అరవలేదు. కొడుకు మొహంలోకి చూస్తూ ఉండిపోయింది. ఆ చూపు యలమందయ్య భరించలేకపోయాడు. ఏదో ఒక ఓదార్పు మాట చెబుదామని పట్టీ మీదికి వంగాడు. ఆయన చేసిన పొరపాటు అదే.

"పాపం, అన్నాళ్ళూ పైనే లేడమ్మా" అన్నాడు. "చూడండి, నవంబరు పన్నెండు నుంచి ఇరవై ఎనిమిది దాకా భత్యం ఆగింది. పదిహేడు రోజులు కిందికొచ్చే ఉన్నాడు."

"పదిహేడు రోజులా?" కోటిరత్నం లేచి నిలబడింది. "పదిహేడు రోజులు కింద ఉండి ఇంటికెందుకు రాలేదురా?"

అప్పుడు యలమందయ్యకి కూడా వింతగా తోచింది. ఆయన చూసినంతలో, కిందికి దిగిన పేరు ఆ విడత మళ్ళీ పైకి వెళ్ళడం అరుదు. ఇక్కడ ఇరవై తొమ్మిదో తేదీ నుంచి భత్యం మళ్ళీ మొదలైంది. ఇన్నేళ్ళూ ఇలాంటి ఖాళీలు ఒకటో రెండో చూసినా, ఆ ఖాళీలో ఏం జరిగిందని అడగడానికి ఆయనకి ఒక్క మనిషీ ఎదురుపడలేదు.

"మా పోస్టులో ప్రసన్నకుమార్ అని ఒకడుండేవాడమ్మా" అన్నాడు బాలు. "అద్దంకి అవతల వాళ్ళ ఊరు. పైన తెలుగు మాట్లాడేది మేమిద్దరమే. ఒకరోజు పొద్దున్నే మంచు విరిగి పడింది. వాణ్ణి బయటికి తీసేసరికి..." చేతిలోని ఫోను జేబులో పెట్టుకున్నాడు. "ఇంటికి తీసుకెళ్ళడానికి తోడు ఒకళ్ళు వెళ్ళాలి. వాళ్ళవాళ్ళతో తెలుగులో మాట్లాడాలిగా, నన్ను పంపారు. గన్నవరం దాకా విమానంలో. అక్కణ్ణుంచి మిలటరీ లారీలో."

"అద్దంకికి లారీలోనా?" కోటిరత్నం గొంతు మారింది. "అంటే, మన హైవే మీదనుంచే కదరా."

"అవునమ్మా."

"కార్తీక సోమవారం. నేను ఒక్కపొద్దు. పూలు కప్పిన లారీ వస్తోందని మేస్త్రీ మమ్మల్నందర్నీ పని ఆపి బయటికి పంపాడు. బడిపిల్లలు జెండాలు పట్టుకుని నిలబడ్డారు." ఆమె మాట ముక్కలు ముక్కలుగా వస్తోంది. "నేను ఆ బండి చూశానురా. దండం పెట్టాను. ఏ తల్లి కన్నబిడ్డో అని గుడ్డలో మొహం దాచుకుని ఏడ్చాను. పెట్టె వంకే చూశాను. పెట్టె పక్కన కూర్చున్నవాళ్ళ మొహాలు చూడలేదురా."

"నేను నిన్ను చూశానమ్మా" అన్నాడు బాలు.

కోటిరత్నం కొడుకు వైపు ఒక అడుగు వేసింది.

"మూతికి పసుపు గుడ్డ కట్టుకుని, అందరికంటే ముందు నిలబడ్డావు. లారీ అక్కడ బాగా నెమ్మదిగా వెళ్ళింది."

"ఒక్క కేకెయ్యొచ్చు కదరా! ఒక్కసారి అమ్మా అంటే నీ నోటి ముత్యాలు రాలతాయా?"

"నా చెయ్యి వాడి పెట్టె మీద ఉందమ్మా. వాణ్ణి వాళ్ళమ్మ దగ్గరికి తీసుకెళ్తున్నాను. మా అమ్మ కనపడిందని ఎలా పిలవమంటావు?" అన్నాడు బాలు. "వాళ్ళింట్లో అన్నీ అయ్యాక, పది రోజులు మనింట్లో ఉండి రమ్మన్నారు మా ఆఫీసర్లు. ఇంటికొస్తే నీ ఎదురుగా అబద్ధం నిలవదు. చెప్పాక నువ్వు వెళ్ళనివ్వవు. పైన మా పోస్టులో ఆరుగురే మిగిలారు. అందుకని అటునుంచి అటే వెళ్ళిపోయాను. దారికీ, మళ్ళీ ఆ చలికి ఒళ్ళు అలవాటు చేసుకోవడానికీ మిగతా రోజులు పట్టాయి."

యలమందయ్య పట్టీ వంక చూశాడు. ఎదురుగా ఉన్న కాగితంలో నవంబరు నెల ఎదుట రెండు తేదీలున్నాయి, వాటి మధ్య ఏమీ లేదు. తను ఇరవై రెండేళ్ళలో వేసిన తేదీలన్నిటి మధ్యా ఇలాంటి లారీలు ఎన్ని నడిచాయో, ఎంతమంది తల్లులు రోడ్డు పక్కన నిలబడ్డారో ఆయనకి అందలేదు. కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టాడు. ఆయన కళ్ళ వెంట నీళ్ళు కారుతున్నాయి, దాచుకోవాలని కూడా అనిపించలేదు.

కోటిరత్నం చాలాసేపు కొడుకు భుజం పట్టుకుని నిలబడింది. తిడుతుందేమో అనుకున్నాడు యూసుఫ్. మళ్ళీ వెళ్ళనివ్వనని ఒట్టు వేయించుకుంటుందేమో అనుకున్నాడు యలమందయ్య. ఆమె కొంగుతో మొహం తుడుచుకుంది.

"వాళ్ళమ్మ ఎలా ఉందిరా ఇప్పుడు?"

"తెలీదమ్మా. ఫోన్ చెయ్యాలంటే నాకు ధైర్యం చాలట్లేదు."

ఆమె తల ఊపింది. బల్ల వైపు తిరిగి, "అన్నయ్యగారూ, అద్దంకి బస్సు ఇప్పుడుందంటారా?" అని అడిగింది.

"రెండున్నరకి ఒకటుందమ్మా" అన్నాడు యలమందయ్య. "మరి సంతకాలూ, రిటర్నూ..."

"రేపొచ్చి పెడతాను. పదరా" అని కోటిరత్నం మెట్లు దిగింది. తల్లీకొడుకులు రోడ్డు దాటి బస్టాండులోకి వెళ్ళారు. ఆ బస్సు బయటికొచ్చి హైవే వైపు తిరిగేదాకా యలమందయ్య కొట్టు ముందే నిలబడి చూశాడు.