ముందాయన

ఆయనకి ఏ పనీ చేతకాదు. అదే ఆయన ఉద్యోగం.

టీవీలో సామాన్లమ్మే ఛానెల్ చూస్తుంటారుగా? కొత్త కత్తి అమ్మాలంటే, అది కొనకముందు మనం పడే పాట్లు ఎవరో ఒకరు పడి చూపించాలి కదా. ఆ 'ముందు' పాట్లు పడేవాడు ఈయనే. ఉల్లిపాయ తరగమంటే చొక్కా గుండీ తరిగేవాడు. మడతమంచం విప్పమంటే అందులోనే మడతపడిపోయేవాడు. తర్వాత ఓ అందగాడొచ్చి అదే పని చిటికెలో చేసేసేవాడు. ఆ అందగాడి మొహం ఎవరికీ గుర్తులేదు గానీ, మనవాడు వీధిలోకొస్తే చాలు, "ముందాయనొచ్చాడు, సీసాలు లోపల పెట్టండి!" అని ఒకటే గోల. ఈయనైనా ఊరుకుంటాడా? టమాటా అందుకోబోయి కూరల బండిలోకే వాలిపోతాడు.

కూతురికి మాత్రం తల కొట్టేసినట్టుండేది. బడిలో పిల్లలు "మీ నాన్న డబ్బా మూతలో వేలు ఇరికించుకున్నాడటగా?" అంటే భూమిలోకి కుంగిపోయేది. పెద్దయి, కళ్ళజోళ్ళ షాపులో ఉద్యోగం దొరకగానే చేతులు జోడించింది.

"నాన్నా, మా షాపు వైపు రాకు. నువ్వు ఇంజినీరువని చెప్పాను."

"దేనికి ఇంజినీరునే?"

"ఏదో ఒకదానికి!"

"సరేలే తల్లీ," అన్నాడు. ఆ పూట టీ ఒలకబోయకుండా తాగాడు పాపం.

ఉద్యోగం ఉంటుందో ఊడుతుందో ఓనరు తేల్చే రోజు రానే వచ్చింది. షాపు నిండా జనం. ఫ్రేముల ట్రే తెస్తూ అమ్మాయి చెయ్యి జారింది. నేలంతా కళ్ళజోళ్ళే! "ఈ చేతులతో నువ్వు..." అని ఓనరు అందుకున్నాడో లేదో, గుమ్మంలో దభేల్!

కూతురు ఇంట్లో మరిచిపోయిన క్యారేజీ ఇద్దామని వచ్చి, లోపలికి రాలేక బయటే తచ్చాడుతున్న ముందాయన! కాళ్ళు తుడుచుకునే పట్టాలో కాలు మెలేసుకుని, రెండు కుర్చీల్ని కౌగిలించుకుని, కర్టెను తలకి చుట్టుకుని షాపు మధ్యలో తేలాడు.

"అరె, టీవీ ముందాయన!" జనం పొట్టలు పట్టుకున్నారు. అమ్మాయి సంగతే మరిచిపోయారు. ఓనరైతే పగలబడి నవ్వుతూ తనే వంగి ఫ్రేములేరాడు.

కూతురికి నవ్వు రాలేదు. అంతలా దొర్లినా ఒక్క కళ్ళజోడూ ఆయన కింద నలగలేదు. క్యారేజీ మూతైనా కదల్లేదు.

"ఎవరికండీ ఆ క్యారేజీ?" అడిగాడు ఓనరు.

"అబ్బే, షాపు తప్పొచ్చానండీ," అన్నాడాయన, కూతురి వైపు కన్నెత్తైనా చూడకుండా.

సిగ్గుతో చచ్చిపోయింది పిల్ల. ఆయన్ని చూసి కాదు, తనని చూసుకుని.

"తప్పేం రాలేదండీ. అది నాకే. ఈయన మా నాన్న."

"ఓహో! అయితే ఆ చేతులు మీ వంశానివన్నమాట!" అని ఓనరు మళ్ళీ నవ్వాడు. "ముందే చెప్పొద్దూ? ఉండమ్మా, ఉండు. నీ ఉద్యోగం ఎక్కడికీ పోదు."

నాన్నకి అవేవీ వినపడలేదు. 'మా నాన్న' దగ్గరే ఆగిపోయాడు. కంగారుగా లేవబోయి దభీమని పడ్డాడు.

ఈసారి నిజంగానే పడ్డాడు.